సెంటర్ ఆటగాడికి మూడుసార్లు పెట్టిన పరీక్ష

నేను పదవీ విరమణ చేయడానికి నాలుగేళ్ళ ముందు, ఆగస్టు మొదటి సోమవారం నాడు, నన్ను ఆ సీజన్ మొత్తానికి ఫుట్‌బాల్ జట్టుకు కేటాయిస్తూ ఉత్తర్వు వచ్చింది. అప్పుడు నేను ఒక సైనిక అకాడమీ ఆసుపత్రిలో సివిలియన్ న్యూరోసైకాలజిస్టును. సివిలియన్ అంటే యూనిఫాం లేదు, ర్యాంకు లేదు, ఎవరూ సెల్యూట్ కొట్టరు. తలకు దెబ్బ తగిలిన మనిషి జ్ఞాపకశక్తి, ఏకాగ్రత, చురుకుదనం ఏ మేరకు దెబ్బతిన్నాయో పరీక్షలు పెట్టి తేల్చడం నా వృత్తి. ఆటగాడిని మైదానంలోకి పంపాలా వద్దా అన్నది మాత్రం జట్టు వైద్యుడు కర్నల్ ప్రైస్ చేతిలో ఉండేది. నేను సిఫార్సు రాస్తాను, ఆయన సంతకం పెడతాడు.

ఇప్పుడు షామ్‌బర్గ్‌లో మా ఇంటికి వచ్చే తెలుగువాళ్ళు ఈ సంగతి వినగానే ఫుట్‌బాల్‌కి సైకాలజిస్ట్ ఎందుకండీ అని అడుగుతారు. అది కాలితో తన్నే ఫుట్‌బాల్ కాదు, అమెరికన్ ఫుట్‌బాల్. నూటపాతిక కిలోల మనుషులు ఎదురెదురుగా వంగి కూర్చుని, ఒక్కసారిగా లేచి, హెల్మెట్లతో ఢీకొనే ఆట. ఒక్కో ఆటలో అలా అరవై, డెబ్భైసార్లు ఢీకొంటారు. కాబట్టి ఆగస్టులోనే, దెబ్బలు మొదలవకముందే, ప్రతి ఆటగాడినీ కంప్యూటర్ ముందు కూర్చోబెట్టి అరగంట పరీక్ష పెడతాం. మాటలు గుర్తుపెట్టుకోవడం, బొమ్మలు పోల్చడం, రంగు మారగానే మీట నొక్కడం లాంటివి అందులో ఉంటాయి. ఆ మార్కులను బేస్‌లైన్ అంటాం. తరువాత ఎప్పుడైనా తలకు దెబ్బ తగిలితే అదే పరీక్ష మళ్ళీ పెట్టి, మార్కులు బేస్‌లైన్ కన్నా తగ్గితే ఆట ఆపిస్తాం.

ఈ పద్ధతిలో ఒక కంత ఉంది. అది ఆటగాళ్ళకూ తెలుసు. ఆగస్టులోనే కావాలని తక్కువ తెచ్చుకుంటే, అక్టోబర్‌లో నిజంగా దెబ్బ తగిలినా మార్కులు తగ్గినట్టు కనబడదు. ఆట ఆగదు. అంతకుముందు నేను పనిచేసిన మామూలు కాలేజీలో అలాంటి ఇద్దరిని పట్టుకున్నాను. పట్టుకున్నానన్న గర్వం కూడా కాస్త ఉండేది. అసలు నాది పుట్టుకతోనే అనుమానపు బుర్ర. కూరలో ఉప్పు సరిపోయిందని మావారు చెప్పినా నేను రుచి చూసుకుని కానీ దించను. ఆ బుర్రకు సరిపడే ఉద్యోగమే దొరికిందని మా ఇంట్లో వేళాకోళం చేసేవారు.

అకాడమీలో ఈ అనుమానం ఇంకా సున్నితమైన వ్యవహారం. అక్కడ చదివేవాళ్ళు కేడెట్లు, నాలుగేళ్ళ తరువాత సైన్యంలో అధికారులు అవుతారు. వాళ్ళకు ఒక ప్రతిజ్ఞ ఉంటుంది. అబద్ధమాడకూడదు, మోసం చేయకూడదు, ఇంకొకరు చేస్తుంటే చూస్తూ ఊరుకోకూడదు. తప్పు రుజువైతే అకాడమీ నుంచి పంపించేస్తారు. కావాలని పరీక్ష చెడగొట్టుకోవడం కూడా మోసం కిందికే వస్తుంది. అంటే నేను ఫారంలో ‘ఉద్దేశపూర్వకం కావచ్చు’ అని ఒక్క ముక్క రాస్తే చాలు, కేడెట్ల విచారణ కమిటీ కూర్చుంటుంది. ఒక కుర్రాడి నాలుగేళ్ళు నా కలం మీద ఆధారపడతాయి.

ఆ వారమే కేడెట్ మెరిక్ మార్కులు వచ్చాయి. నాలుగో ఏడాదివాడు, జట్టుకు సెంటర్. వరుస మధ్యలో వంగి, కాళ్ళ సందులోంచి బంతిని వెనక్కి అందించేవాడిని సెంటర్ అంటారు. అందించే ముందు అతను ఇంకో ముఖ్యమైన పని చేస్తాడు. ఎదుటి జట్టు ఎలా నిలబడిందో చూసి, మనవాళ్ళు ఎవరు ఎవరిని అడ్డుకోవాలో ఒకటి రెండు మాటల్లో అరిచి చెబుతాడు. దాన్ని కాల్ అంటారు. అతనికి రెండు పక్కలా ఉండే గార్డులు ఆ కాల్‌ని అందుకుని మళ్ళీ అరిచి చివరిదాకా చేరవేస్తారు. మా జట్టు బంతి విసరడం తక్కువ, పట్టుకుని పరుగెత్తడం ఎక్కువ. కాబట్టి ఆటంతా సెంటర్ కాల్ మీదే నడిచేది.

జ్ఞాపకశక్తి భాగంలో మెరిక్‌కి నిరుడు ఎనభై ఎనిమిది వచ్చింది. ఈసారి అరవై ఒకటి. మీట నొక్కే వేగమూ పడిపోయింది. పరీక్షను పూర్తిగా పాడుచేసినవాళ్ళని కంప్యూటరే పట్టేస్తుంది. మెరిక్ మార్కులు ఆ హద్దుకు కొంచెం పైన ఆగాయి. తెలివైనవాడు ఎంత తగ్గించాలో లెక్క చూసుకుని తగ్గించినట్టు అనిపించింది. పైగా అతనికి హెలికాప్టర్ పైలట్ అవ్వాలని ఉందని ఫైల్లో ఉంది. పైలట్ కావాలంటే వైద్య రికార్డులో తల దెబ్బ ఉండకూడదు. తప్పు చేయడానికి కారణం కూడా దొరికిందని నేను తీర్మానించుకున్నాను.

నాలుగు రోజుల తరువాత మళ్ళీ కూర్చోబెట్టాను. మార్కులు డెబ్భైకి పెరిగాయి. అదే పరీక్ష రెండోసారి రాస్తే కొంత పెరగడం మామూలే. నాకు మాత్రం మొదటిసారి నటించాడనడానికి అది సాక్ష్యంగా కనిపించింది. మరో పది రోజులకు మూడోసారి పెట్టాను. డెబ్భై ఒకటి. ప్రతిసారీ నిలబెట్టి అవే ప్రశ్నలు అడిగాను. నీ శక్తికొద్దీ రాశావా? రాశాను మేడమ్. నిరుటి సీజన్ తరువాత ఆటలో గానీ ప్రాక్టీసులో గానీ తలకు దెబ్బ తగిలిందా? లేదు మేడమ్. నిజమే చెబుతున్నావా? నిజమే మేడమ్. అకాడమీలో కేడెట్ అడిగినదానికి జవాబు చెబుతాడు, అక్కడితో ఆగుతాడు. మొదటి ఏడాదిలోనే అది ఒంటికి పట్టిస్తారు. కొసరు మాట్లాడితే సాకు చెబుతున్నాడంటారు. అతను కళ్ళు కూడా ఆర్పకుండా గోడకేసి చూస్తూ జవాబు చెప్పేవాడు. బాగా ప్రాక్టీస్ చేసుకుని వచ్చాడని నాకు ఒళ్ళు మండేది.

కర్నల్ ప్రైస్ దగ్గరికి వెళ్ళాను. ఆయన అంతా విని, అనుమానానికి ఆధారం ఉందా, లేక అనుమానమే ఆధారమా అని అడిగాడు. ఆధారం ఉంటే కాగితం మీద పెట్టమన్నాడు, లేకపోతే నిరుటి బేస్‌లైన్‌నే లెక్కలోకి తీసుకుని ఆడనిద్దామన్నాడు. నాకూ అదే తెలివైన పని అనిపించింది. పాత మార్కులే కొలత అయితే అతని ఎత్తు పారదు కదా. సిఫార్సు రాశాను, ఆయన సంతకం పెట్టాడు. మెరిక్ సెప్టెంబర్ మొదటి శనివారం మైదానంలోకి దిగాడు. నేను అతన్ని కళ్ళలో వత్తులు వేసుకుని గమనించడం మొదలుపెట్టాను. దెబ్బ తగిలిందేమోనని కాదు, ఎక్కడ దొరుకుతాడా అని.

బుధవారం ప్రాక్టీసుకు వెళ్ళి, వరుసకు నాలుగడుగుల వెనక నిలబడేదాన్ని. మూడో వారంలో ఒక విషయం చెవిన పడింది. కాల్ ముందు సెంటర్ గొంతులోంచి రావాలి, తరువాత గార్డు అందుకోవాలి. ఇక్కడ తిరగబడింది. ముందు ఎడమ గార్డు గొంతు, చిన్నగా. ఆ వెంటనే మెరిక్ గొంతు, పెద్దగా. మొదట నా చెవులనే అనుమానించాను. ఆ గంటలో జరిగిన ప్రాక్టీసంతా అదే వరుస. కోచ్‌లు దూరంగా టవర్ మీద ఉంటారు, వాళ్ళకు పెద్ద గొంతే వినబడుతుంది. నిరుటి ప్రాక్టీసు వీడియోలు తెప్పించుకుని విన్నాను. అప్పుడు మెరిక్కే ముందు.

ఆ ఎడమ గార్డు మన తెలుగువాడు. పేరు చరణ్. మిషిగన్‌లో నోవైలో పుట్టి పెరిగాడు, తండ్రి కార్ల కంపెనీలో ఇంజనీరు. మూడో ఏడాది చదువుతున్నాడు. రెండొందల డెబ్భై పౌండ్ల మనిషి. తలుపులోంచి రావాలంటే కాస్త పక్కకు తిరగాలి. మైదానంలో, ఆసుపత్రిలో నన్ను ‘మేడమ్’ అనేవాడు, బయట ఎదురైతే ‘ఆంటీ’ అనేవాడు. అంత పెద్ద జట్టులో ఒక తెలుగు పేరు కనబడటం నాకు లోలోపల గర్వంగానే ఉండేది. ఇప్పుడు ఆ గర్వం మింగుడుపడలేదు. ఒకడు మోసం చేస్తున్నాడు, మనవాడు అండగా ఉన్నాడు అనుకున్నాను. వాళ్ళ ప్రతిజ్ఞ ప్రకారం ఇద్దరిదీ తప్పే. నా నోట్‌బుక్‌లో తేదీలు వేసి రాసుకోవడం మొదలుపెట్టాను. అప్పటికి నా దగ్గర ఉన్నది వైద్యుల నోట్‌బుక్ కాదు, పోలీసు డైరీ.

అక్టోబర్ మధ్యలో సొంత మైదానంలో ఆరో ఆట జరిగింది. ఆట అయ్యాక పార్కింగ్ స్థలంలో తల్లిదండ్రులు కార్ల డిక్కీలు తెరిచి, మడత బల్లలు వేసి, ఆటగాళ్ళకు తిండి పెట్టే ఆనవాయితీ ఉంది. చరణ్ తల్లి సుజాత నోవై నుంచి డ్రైవ్ చేసుకుని వచ్చి, పెద్ద అల్యూమినియం ట్రేల నిండా పులిహోర తెచ్చింది. చరణ్ వరుసలో ఆడే కుర్రాళ్ళంతా దాన్ని ‘ఎల్లో రైస్’ అంటూ పేపర్ ప్లేట్లలో గుట్టలు పోసుకుంటున్నారు. మబ్బు పట్టి ఉంది. మెరిక్ ఒక్కడే నల్లకళ్ళద్దాలు పెట్టుకుని కారుకు ఆనుకుని నిలబడ్డాడు. సుజాత నాకు ప్లేటు అందిస్తూ మామూలుగా అంది.

“ఆ మెరిక్ ఎంత మర్యాదస్తుడో అండీ. ఆగస్టులో ఇంట్రడ్యూస్ చేసుకున్నాను, పేరు స్పెల్లింగ్‌తో సహా నేర్చుకున్నాడు. పోయిన గేమ్‌కి మళ్ళీ అడిగాడు. ఇవాళ మళ్ళీ ఫస్ట్ టైమ్ కలిసినట్టు షేక్‌హ్యాండ్ ఇచ్చి, మీ పేరేంటి మేడమ్ అన్నాడు. మన పేర్లు కష్టం కదా పాపం, వీళ్ళకి.”

ప్లేటు నా చేతిలో అలాగే ఉండిపోయింది. పరీక్షలో నటించేవాడికి పులిహోర పెట్టే తల్లి ముందు నటించాల్సిన అవసరం లేదు. మబ్బులో నల్లకళ్ళద్దాలు కూడా మార్కుల కోసం పెట్టుకునేవి కావు. వెలుతురు భరించలేని తలకు పెట్టుకునేవి. ఇరవై ఆరేళ్ళ అనుభవం ఉన్నదాన్ని, విద్యార్థులు కూడా గుర్తుపట్టే లక్షణాన్ని పక్కన పెట్టి, అబద్ధం కోసం వెతుకుతూ కూర్చున్నాను. నాకు ఆ క్షణంలో కలిగింది సిగ్గు కాదు, భయం. ఆ రోజు కూడా అతను అరవైసార్లు ఢీకొని వచ్చాడు.

మెరిక్‌ని మళ్ళీ అదే ప్రశ్నలు అడిగితే అవే జవాబులు వస్తాయి. అందుకని ఆదివారం ఉదయం ముందు చరణ్‌ని ఆసుపత్రికి పిలిపించాను. అటెన్షన్‌లో నిలబడ్డాడు. మెరిక్ బదులు కాల్ నువ్వు చెబుతున్నావా అని ఇంగ్లీషులో అడిగితే అవును మేడమ్ అన్నాడు. అబద్ధాన్ని కాపాడుతున్నావా అంటే లేదు మేడమ్ అన్నాడు. అక్కడితో ఆగాడు. నేను కుర్చీ లాగి కూర్చోమన్నాను. తెలుగులో అడిగాను, వాడికి ఏమైంది నాన్నా అని.

కేడెట్‌ని అధికారికంగా పిలిచి, ‘నాన్నా’ అని మాట లాగడం పద్ధతి కాదు. తెలిసే చేశాను. చరణ్ కుర్చీలో కూర్చుని, తన పెద్ద చేతులకేసి చూసుకుంటూ చెప్పాడు.

“ఆంటీ, వాడు లై చెప్పట్లేదు. వాడికి కాల్ మైండ్‌లోకి లేట్‌గా వస్తుంది. డిఫెన్స్‌ని చూస్తాడు, తెలుసు, కానీ వర్డ్ రాదు. అందుకే నేను ముందు సాఫ్ట్‌గా చెప్తా, వాడు లౌడ్‌గా చెప్తాడు. లైన్‌లో అది నార్మల్, ఆంటీ. పక్కవాడికి హెల్ప్ చెయ్యాలి కదా.”

ఎప్పటి నుంచి అన్నాను. జంప్ స్కూల్ నుంచి అన్నాడు. జంప్ స్కూల్ అంటే వేసవిలో కేడెట్లు పారాషూట్‌తో దూకడం నేర్చుకునే శిక్షణ. ఐదుసార్లు విమానంలోంచి దూకితే ఛాతీ మీద రెక్కల బ్యాడ్జి ఇస్తారు. జూలైలో ఇద్దరూ ఒకే బ్యాచ్‌లో వెళ్ళారు. మూడోసారి దూకినప్పుడు గాలి వెనక్కి లాగి, మెరిక్ వెల్లకిలా పడ్డాడు. హెల్మెట్ వెనక భాగం నేలకు కొట్టుకుంది. లేచాడు, పారాషూట్ చుట్టుకున్నాడు, నడిచి వచ్చాడు. ఆ సాయంత్రం వాంతి చేసుకున్నాడు. మర్నాడు నాలుగోది, ఆ మర్నాడు ఐదోది దూకి బ్యాడ్జి తీసుకున్నాడు.

“అందరూ హార్డ్‌గా ల్యాండ్ అవుతారు, ఆంటీ. నేనూ అయ్యాను. దాన్ని ఇంజురీ అనరు అక్కడ” అన్నాడు చరణ్. లేచి వెళ్ళబోతూ, వాడి పైలట్ ఛాన్స్ పోతుందా అని అడిగాడు. తెలియదన్నాను. అది నిజం కాదు, నాకు తెలుసు. ఆ గదిలో అబద్ధం చెప్పింది నేనొక్కదాన్నే.

నా ఫారంలో ఉన్న ప్రశ్న ఆటలో గానీ ప్రాక్టీసులో గానీ తగిలిన దెబ్బ గురించి. ఆకాశంలోంచి దూకి పడితే దాని కాగితాలు శిక్షణ విభాగంలో ఉంటాయి. అవి క్రీడల ఆసుపత్రికి రావు. అసలు కాగితమే పుట్టకపోతే ఎక్కడికీ రావు. మెరిక్ నా ప్రశ్నలకు మూడుసార్లూ అక్షరాలా నిజమే చెప్పాడు. పరీక్ష కూడా శక్తికొద్దీ రాశాడు. అరవై ఒకటి అతని నిజమైన మార్కు.

గంటలోపల మెరిక్‌ని పిలిపించాను. ఈసారి కంప్యూటర్ దగ్గరికి తీసుకెళ్ళలేదు. నా వేలిని అటూ ఇటూ కదిలిస్తూ చూడమంటే నాలుగోసారికే అతను కళ్ళు తిరిగి బల్ల పట్టుకున్నాడు. కళ్ళు మూసుకుని ఒంటికాలి మీద నిలబడలేకపోయాడు. కర్నల్ ప్రైస్‌కి ఫోన్ చేశాను. ఆయన వచ్చి స్వయంగా చూసి, అక్కడికక్కడే సీజన్ ముగిసినట్టు సంతకం పెట్టాడు. మెరిక్ తల ఊపాడు, అంతే. కర్నల్ వెళ్ళాక నేను ఉండబట్టలేక అడిగాను. మూడుసార్లు పిలిచాను కదా, ఒక్కసారైనా ఎందుకు చెప్పలేదు అని.

“మూడుసార్లూ నిజం చెబుతున్నావా అని అడిగారు మేడమ్. ఒంట్లో ఎలా ఉందని అడగలేదు” అన్నాడు. గొంతులో నిష్ఠూరం లేదు. అడిగినదానికి జవాబు చెప్పాడు.

అడిగితే చెప్పి ఉండేవాడివా అన్నాను. అతను ఆలోచించాడు. అతని ఆలోచన ఎంత నెమ్మదిగా సాగుతోందో అప్పుడు చూశాను.

“తెలియదు మేడమ్. చెప్పి ఉండేవాడిని అంటే అబద్ధమవుతుందేమో.”

తరువాత జరిగినవి క్లుప్తంగా చెబుతాను. ఆ సోమవారం పొద్దున్నే, నేను నివేదిక పూర్తి చేయకముందే, చరణ్ తనంతట తాను విచారణ కమిటీ ముందుకు వెళ్ళి, స్నేహితుడికి బాగాలేదని తెలిసీ చెప్పకుండా ఊరుకున్నానని రాసి ఇచ్చాడు. ఆ కమిటీ రెండు వారాలు కూర్చుంది. సుజాత రోజూ ఫోన్ చేసి, ఏమైనా ప్రాబ్లమ్ అవుతుందాండీ అని అడిగేది. కమిటీ నన్నూ పిలిచింది. ఈ వ్యవహారంలో మోసం ఉందని తొమ్మిది వారాలు నమ్మిన మనిషిని నేనొక్కదాన్నేనని, నా నమ్మకం తప్పని చెప్పాను. గార్డు సెంటర్‌కి కాల్ అందించడం ఆటలో భాగమేనని, అది మోసం కాదని తేల్చారు. దెబ్బ సంగతి చెప్పకపోవడం పొరపాటే గానీ ప్రతిజ్ఞాభంగం కాదన్నారు.

మెరిక్ లేకుండా జట్టు మిగతా ఆటల్లో సగం గెలిచింది. చివరి ఆట మా చిరకాల ప్రత్యర్థి అయిన ఇంకో సైనిక అకాడమీతో. ఏడాదంతా ఓడినా ఆ ఒక్కటీ గెలిస్తే చాలనుకునే ఆట అది. కొత్త సెంటర్ రెండో ఏడాదివాడు. కాల్స్ అన్నీ చరణ్ గొంతు పగిలేలా అరుస్తూ చెప్పాడు. ఓడిపోయారు. మెరిక్ కేడెట్ యూనిఫాంలో స్టేడియం మెట్ల మీద నిలబడి చూశాడు, నల్లకళ్ళద్దాలతో.

తలనొప్పులు మార్చికి తగ్గాయి. మార్కులు మేలో ఎనభై నాలుగుకు వచ్చాయి, ఎనభై ఎనిమిదికి రాలేదు. హెలికాప్టర్ విభాగం వైద్య బోర్డు అతన్ని తీసుకోలేదు. రవాణా విభాగంలో లెఫ్టినెంట్‌గా వెళ్ళాడు. జూలై దెబ్బ ఒక్కటే అయితే, ఆగస్టులోనే విశ్రాంతి ఇచ్చి ఉంటే, క్రిస్మస్‌లోపు పూర్తిగా కోలుకునేవాడా? కోలుకునేవాడని నేను రుజువు చేయలేను. కోలుకునేవాడు కాదని కూడా రుజువు చేయలేను. ఆ ప్రశ్న బోర్డు నన్ను అడిగినప్పుడు ఈ రెండు వాక్యాలే రాసి ఇచ్చాను.

ఈ వృత్తిలోకి వచ్చే పిల్లలు నన్ను సలహా అడుగుతుంటారు. అనుమానం మానుకోమని నేను చెప్పను. ఆ తరువాత కూడా పరీక్ష చెడగొట్టుకున్నవాళ్ళను పట్టుకున్నాను, పట్టుకోవడం అవసరమే. కానీ మార్కులు పడిపోయిన మనిషి ఎదుట కూర్చున్నప్పుడు ముందు అతని తలను పరీక్షించాలి, అతని మాటను తరువాత. నేను ఆ వరుస తప్పాను. ఆ తొమ్మిది వారాల్లో మెరిక్ ఆరు ఆటలు ఆడాడు, ఆరింటికీ ఆడవచ్చునని సిఫార్సు రాసింది నేనే.